జామీను కాగితాలు ముందే సర్దుకోండి

బీల (చిత్తడి) భూముల కోసం 2010 జూలై 14న సోంపేటలో కాల్పులు చూసిన జిల్లా మనది. ధర్నాకి కూర్చుంటే ఏమవుతుందో ఇక్కడ ఎవరికీ చెప్పక్కర్లేదు. తెలియనిదల్లా కాగితాల సంగతే.

ధర్నా ముందు రాత్రే ఇంటికొచ్చి పట్టుకెళ్తే అది ముందస్తు అరెస్టు: బీఎన్ఎస్ఎస్ (సీఆర్పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం) సెక్షన్ 170, పాత సీఆర్పీసీలో 151. ఆ సెక్షన్ ఒక్కదానితో 24 గంటలు దాటి ఉంచకూడదు. కాబట్టి అరెస్టు మెమోలో టైము గడి చూడందే సంతకం పెట్టొద్దు. "తర్వాత రాస్తాంలే" అన్నారంటే పెన్ను కింద పెట్టేయండి. ఇంటివాళ్లో, ఊళ్లో నలుగురూ ఎరిగిన మనిషో సాక్షి సంతకం చేయాలి.

బెయిలబుల్ (బెయిలు హక్కుగా దొరికే) కేసుల్లోనూ జనం జైల్లో మగ్గేది ఎక్కువగా జామీనుదారుల కాగితాల దగ్గరే. పాసుపుస్తకం ఇంకా తాత పేరు మీదే ఉంటుంది. ఆధార్‌లో ఇంటిపేరు పొడి అక్షరం, పన్ను రసీదులో పూర్తి పేరు. శుక్రవారం సాయంత్రం ఇది బయటపడితే సోమవారం దాకా లోపలే.

వారంలో జామీను ఇవ్వలేకపోతే పేదవాళ్లుగా లెక్కగట్టి సొంత పూచీకత్తు మీద వదలాలి. అది బీఎన్ఎస్ఎస్ సెక్షన్ 478. పిటిషన్‌లో ఆ నంబరు వేయమని వకీలుకి గుర్తు చేయండి.