బాస్ పక్కన కూర్చునే మనిషి

టోక్యోలో క్లయింట్ మీటింగ్ అంటే మొదట్లో నాకు మహా టెన్షన్. మాట్లాడాల్సి వస్తుందని కాదు, మాట్లాడే పనే ఉండదని. మాట్లాడేది రెండు వైపుల మేనేజర్లే. మిగతా అందరం వరసగా కూర్చుని వినాలి. ఊరికే వింటే సరిపోదు, వింటున్నట్టు కనబడాలి. ఎప్పుడు తలూపాలో, ఎప్పుడు కళ్లు దించుకోవాలో ఏ జపనీస్ క్లాసులోనూ చెప్పరు. నాకు ఆ విద్య కొంచెమైనా పట్టుబడిందంటే, ఓసుగి రెన్ అనే నటుడి పుణ్యమే.

టోక్యోలోనే నిషి కసాయి అనే పేటలో ఉండేవాళ్లం. నా రూమ్మేట్‌కి యాకుజా సినిమాల పిచ్చి, అంటే జపాన్ మాఫియా ముఠాల కథలు. "డైలాగులు తక్కువరా, నీ జపనీస్‌కి సరిగ్గా సరిపోతుంది" అంటూ ఓ ఆదివారం 'సొనాటిన్' పెట్టాడు. 1993 నాటి సినిమా. కితానో తకేషి తీసి, తనే ముఠా నాయకుడిగా వేశాడు. ఆయన నోరు విప్పడమే తక్కువ. నాయకుడు అంత ముభావంగా ఉంటే పక్కవాళ్ల మొహాలే కథను మొయ్యాలి. అనుచరుడిగా వేసిన ఓసుగి ఆ పని ఎంత ఒడుపుగా చేస్తాడో! రావు గోపాలరావు అనగానే మనకు చెవుల్లో డైలాగు మోగుతుంది. ఈయన పేరు చెబితే నాకు గుర్తొచ్చేది వింటున్న మొహం.

అది ఎక్కడ అబ్బిందో తర్వాత తెలిసింది. షికోకు దీవిలోని తొకుషిమాలో 1951లో పుట్టిన ఓసుగి, నటన నేర్చుకున్నది ఓతా షోగో నాటక బృందంలో. వాళ్ల పేరున్న నాటకాల్లో మాటలే ఉండవు, నటులు స్టేజీ మీద అతి నెమ్మదిగా కదులుతారు. 1988లో ఆ బృందం మూతపడింది. బృందంలో ఉండగానే మొదలైన చిన్న బడ్జెట్ శృంగార చిత్రాలు, ఆ తర్వాత నేరుగా వీడియోలో వచ్చే యాకుజా సినిమాలు, ఏది దొరికితే అది చేశాడు. 'సొనాటిన్' వచ్చేనాటికి నలభై దాటాయి. ఆ తర్వాత పోలీసు, దొంగ, గుమాస్తా, తండ్రి... మూడు వందల ముఖాల మనిషి అని పేరొచ్చింది.

నాకు మాత్రం 1997లో వెనిస్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి గోల్డెన్ లయన్ గెలిచిన 'హనా-బీ' సినిమా చాలు. అందులో ఆయన తూటా తగిలి కాళ్లు పడిపోయిన డిటెక్టివ్. భార్యా బిడ్డా వదిలేసి వెళ్లిపోతారు. ఓ పూలకొట్టు ముందు చక్రాల కుర్చీ ఆపుకుని పూలను చూస్తూ ఉండిపోతాడు, అంతే. ఏం బొమ్మలు గీయాలన్న ఆలోచన ఆ చూపులోనే పుడుతుంది. ఆ చోట ఒక్క డైలాగు పెట్టినా సీను చెడిపోయేది.

2017లో ఆరుగురు సహాయ నటులు తమ పాత్రలు తామే వేస్తూ ఒకే ఇంట్లో కాపురముండే టీవీ సీరియల్ వచ్చింది, 'బైప్లేయర్స్'. పెద్ద హీరో ఎవరూ లేకుండా, వీళ్ల పేర్ల మీదే! మరుసటి ఏడాది రెండో భాగం షూటింగ్ నడుస్తుండగానే, ఫిబ్రవరి 21న గుండె ఆగి ఓసుగి పోయాడు. అరవై ఆరేళ్లు. ఆ రాత్రి ఎపిసోడ్ అనుకున్నట్టే ప్రసారమైంది.

మర్నాడు ఆఫీసులో అందరి నోటా అదే మాట. డెలివరీ తేదీలు తప్ప మరో ముక్క మాట్లాడని క్లయింట్ పెద్దాయన, లిఫ్ట్ దగ్గర నన్ను ఆపి మరీ, ఓసుగిని ఏ సినిమాలో చూశావని అడిగాడు. నా వచ్చీరాని జపనీస్‌లో పూలకొట్టు సీను చెప్పాను. ఆయన తలూపుతూ విన్నాడు. మేం ఎక్కాల్సిన లిఫ్ట్ వచ్చి, వెళ్లిపోయింది కూడా. మధ్యాహ్నం మీటింగ్‌లో మళ్లీ తేదీల గొడవే.