గడీలు, మిద్దెలు కెమెరాకెక్కించేవాళ్లకు

గడీలు (దొరల కోటల్లాంటి ఇళ్లు), మిద్దెల వంటి పాత ఇళ్ల మీద వచ్చే డాక్యుమెంటరీల్లో డ్రోన్ షాట్లు ఎక్కువ, ఇల్లు తక్కువ. నల్లగొండైనా గద్వాలైనా పైనుంచి చూస్తే పెంకులు కనిపిస్తాయి గానీ దూలం టేకుదో మద్దిదో, డంగు సున్నం గోడ ఎంత మందమో తెలియదు. ఎడిటింగ్ అయ్యేలోపే ఇల్లు నేలమట్టం కావచ్చు. అందుకే రికార్డు ముందు, అందం తర్వాత.

వీధి దర్వాజ నుంచి పెరడు దాకా మనిషి నడిచే వరుసలోనే తీయండి. ప్రతి అర్రకూ (గదికీ) నాలుగు మూలల నుంచి, ట్రైపాడ్ మీద, ఒక్కో షాట్ కదలకుండా 20 సెకన్లు. కెమెరా పైకెత్తితే స్తంభాలు వాలినట్టు వస్తాయి. లెవెల్ చూసుకుని వెనక్కి జరగాలి. గల్లీ ఇరుకైతే ఎదురింటి మిద్దె ఎక్కడమే. గోడ పక్కన కొలబద్ద పెట్టి ఒక షాట్ తప్పనిసరి. ట్యూబ్‌లైటు కింద షట్టర్ వేగం సెకనులో 1/50 గానీ 1/100 గానీ ఉండాలి. 1/60 పెడితే మన 50 హెర్ట్జ్ కరెంటుకు చారలు పారతాయి.

నల్లగొండ దగ్గరి పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం సంగతి వేరు. గర్భగుడిలో పగలంతా కదలని ఆ నీడ, స్తంభాల మధ్య నుంచి పలు దిక్కుల వెలుగు లోపలికి చేరడం వల్ల పడేది. మీ ఎల్‌ఈడీ ప్యానెల్ వెలిగించారా, తీయడానికి వచ్చిన నీడే మాయం. ఎక్స్‌పోజర్ (కెమెరా తీసుకునే వెలుగు మోతాదు) లాక్ చేసి, మూడు పూటలా అదే ఫ్రేము తీయాలి.

అసలు కష్టం మాటల దగ్గర. "మీ ఇంటి గురించి చెప్పండి" అంటే "మంచిగుండె" అని ఊరుకుంటారు. "తాతా, వడ్లు ఏ అర్రల పోసేటోళ్లు? ఈ గచ్చు ఎవరు కొట్టిండ్రు?" అని ఆ అర్రలోనే కూర్చోబెట్టి అడగాలి. పెద్దలు చెయ్యి చూపిస్తూ చెప్తారు, కాబట్టి ముఖం ఒక్కటే కాక చెయ్యీ, అది చూపే మూలా ఫ్రేములో ఉండాలి. ఫ్యాను, ఫ్రిజ్ ఆపండి (పోయేటప్పుడు ఫ్రిజ్ మళ్లీ వేయండి, పాలు విరుగుతాయి). గచ్చు గదుల్లో మాట మోగుతుంది. కెమెరా వెనక రెండు బొంతలు వేలాడదీస్తే చాలావరకు తగ్గుతుంది. కాలర్ మైకు గడ్డానికి జానెడు కింద పెట్టాలి. గద్వాల పట్టు కొంగు దానికి రాసుకుంటే ఆ సరసర తర్వాత పోదు. లేచేముందు ఒక నిమిషం ఖాళీ గది చప్పుడు రికార్డు చేసుకోండి, కోతల మధ్య అతకడానికి అదే దిక్కు.

తేదీల్లో చాలా సినిమాలు బోల్తా పడతాయి. దర్వాజ మీది రాతిపై 1317 అని ఉంటే అది ఫస్లీయా (నిజాం రెవెన్యూ సంవత్సరం), హిజ్రీయా (ఇస్లామీ సంవత్సరం) తేల్చుకోవాలి. నిజాం ఫస్లీకి 590 కలిపితే 1907-08. హిజ్రీ అయితే 1899-1900. అరవై ఏళ్లకోసారి తిరిగొచ్చే తెలుగు సంవత్సరం పేరు, ఒట్టి "విరోధి" అని ఉంటే 1889 కావచ్చు, 1949 కావచ్చు. అప్పుడు "పోలీస్ యాక్షన్ నాటికి ఈ మిద్దె ఉండెనా?" అన్న ప్రశ్నే తేలుస్తుంది. భారత సైన్యం హైదరాబాదు సంస్థానంలోకి వచ్చిన ఆ 1948 సెప్టెంబరు ఇక్కడి పెద్దలు మరిచేది కాదు.

కార్డు ఖాళీ చేసేముందు రెండు డిస్కుల్లో కాపీ చేసి, ఒకటి వేరే ఇంట్లో ఉంచండి. ఫైలు పేరులో ఊరు, ఇంటి నంబరు, అర్ర, తేదీ రాయండి. ఇంటివాళ్లకు పెన్‌డ్రైవులో ఇచ్చేది మాత్రం మామూలు ఎంపీ4. లాగ్ ఫైళ్లు (రంగులు తర్వాత దిద్దుకోవడానికి వెలవెలగా తీసినవి) ఇస్తే టీవీలో బూడిదరంగు బొమ్మ చూసి పాడైందనుకుంటారు.