పట్టాల మీద గుండ్రంగా: మిఖాయేల్ బాల్‌హౌస్

జర్మన్ టెలివిజన్ కోసం రైనర్ వెర్నర్ ఫాస్‌బిండర్ తీసిన ‘మార్తా’ (1974) చిత్రంలో కొన్ని క్షణాల దృశ్యం ఒకటుంది. రోమ్ నగరంలో అప్పుడే తండ్రిని పోగొట్టుకున్న యువతి నడిచి వస్తూ, ఎదురుగా వస్తున్న అపరిచితుడిని దాటబోతుంది. వాళ్లిద్దరూ ఒక్క క్షణం ఒకరి చుట్టూ ఒకరు తిరుగుతారు, వాళ్ల చుట్టూ కెమెరా పూర్తి వలయం చుడుతుంది, ఆ తరువాత ఎవరి దారిన వాళ్లు వెళ్లిపోతారు. మాట ఒక్కటి లేదు. తరువాత అతన్నే పెళ్లి చేసుకుని ఆమె పడే నరకమంతా చూశాక వెనక్కి వెళ్లి ఆ షాట్‌ను మళ్లీ చూస్తే, అది ప్రేమ పుట్టిన దృశ్యం కాదనీ, ఉచ్చు బిగిసిన దృశ్యమనీ అర్థమవుతుంది. ఛాయాగ్రాహకుడు మిఖాయేల్ బాల్‌హౌస్ గురించి రాయాలనుకున్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఆ షాటే. తాను అర్ధవలయం చాలనుకున్నాననీ, పూర్తిగా ఎందుకు తిప్పకూడదని ఫాస్‌బిండర్ అడిగారనీ బాల్‌హౌస్ తరువాతి కాలంలో చెప్పేవారు.

గుండ్రంగా వేసిన పట్టాల మీద కెమెరా బండిని ఇలా తిప్పడాన్నే మన సినిమా వాళ్లు రౌండ్ ట్రాలీ అంటారు. తెలుగు పాటల్లో నాయికానాయకుల చుట్టూ కెమెరా ఎన్నిసార్లు తిరిగిందో లెక్కలేదు. చాలాసార్లు ఎందుకు తిరిగిందో కూడా తెలియదు. బాల్‌హౌస్ వలయానికి మాత్రం ప్రతిసారీ ఒక కారణం కనబడుతుంది.

ఆయన 1935 ఆగస్టు 5న బెర్లిన్‌లో నటుల ఇంట పుట్టారు. యుద్ధం తరువాత తల్లిదండ్రులు బవేరియాలోని ఒక పాత కోటలో నాటకశాల నడిపారు కనుక, నటులు ఎక్కడ నిలబడితే ఏం కనిపిస్తుందో, ఎటు తిరిగితే ఏం మారుతుందో ఆయన చిన్నప్పుడే చూశారు. ఇరవయ్యేళ్ల వయసులో దర్శకుడు మాక్స్ ఓఫుల్స్ తీస్తున్న ‘లోలా మోంటెస్’ చిత్రీకరణ చూసే అవకాశం దొరికింది. సర్కస్ బరి చుట్టూ కథ అల్లుకున్న ఆ సినిమాలో కెమెరా నిలకడగా ఉండదు. కెమెరామన్ కావాలని తాను నిర్ణయించుకున్నది అక్కడేనని ఆయన చెప్పుకున్నారు. ఆ బరికీ ‘మార్తా’లోని వలయానికీ చుట్టరికం ఉందని నా నమ్మకం.

ఫోటోగ్రఫీ నేర్చుకుని, బాడెన్-బాడెన్‌లోని టెలివిజన్ సంస్థలో కొన్నేళ్లు పనిచేశాక, ఆయన 1960ల చివర బెర్లిన్‌లో అప్పుడే మొదలైన చలనచిత్ర, టెలివిజన్ అకాడమీలో పాఠాలు చెప్పారు. ఆ పాఠశాల 1966లో తెరుచుకుంది. 1968 నాటి విద్యార్థి ఉద్యమాల అలజడిలో పద్దెనిమిది మంది విద్యార్థులను బయటికి పంపేసిన చోటు అది. అలాంటి తరగతిలో లెన్సుల గురించీ వెలుతురు గురించీ మాట్లాడటం తేలికైన ఉద్యోగమై ఉండదు. ఆ కాలంలో అక్కడ చదువుకున్న వారిలో వోల్ఫ్‌గాంగ్ పీటర్సన్ ఒకరు. పాతికేళ్లు దాటాక హాలీవుడ్‌లో ‘అవుట్‌బ్రేక్’ (1995), ‘ఎయిర్ ఫోర్స్ వన్’ (1997) చిత్రాలకు పీటర్సన్ దర్శకుడు, బాల్‌హౌస్ కెమెరామన్. ఒకప్పుడు తాను పాఠం చెప్పిన చోట చదువుకున్న కుర్రవాడు ఇప్పుడు ఫ్రేము ఎలా కావాలో చెబుతుంటే, పాత అధ్యాపకుడు దాన్ని పట్టుకుని ఇచ్చాడన్నమాట.

ఫాస్‌బిండర్‌తో ఆయన బంధం 1970లో స్పెయిన్‌లో తీసిన ‘వైటీ’తో మొదలై, ‘మరియా బ్రౌన్ వివాహం’ (1979) దాకా సాగింది. ఆ దర్శకుడి దగ్గర డబ్బుండేది కాదు, ఓపిక అంతకన్నా ఉండేది కాదు. 1972లో వచ్చిన ‘పెట్రా ఫాన్ కాంట్ చేదు కన్నీళ్లు’ చిత్రీకరణ పది రోజుల్లో ముగిసింది. ఆ కథంతా ఒకే గదిలో, ఆడవాళ్ల మధ్యనే నడుస్తుంది. గోడను నింపేసిన పెద్ద వర్ణచిత్రం, కొయ్య బొమ్మలు, ఒక మంచం: వీటి మధ్య రెండు గంటలపాటు ప్రేక్షకుడికి విసుగు రాకుండా చూడాలంటే, ప్రతి కదలికతోనూ గది కొత్తగా కనబడాలి. అక్కడ కెమెరా చేసిన పని అదే.

ఆ పదేళ్ల పేదరికమే ఆయనకు అమెరికాలో పెట్టుబడి అయింది. 1983 చివర ‘క్రీస్తు చివరి ప్రలోభం’ నిర్మాణాన్ని స్టూడియో ఆపేయడంతో దర్శకుడు మార్టిన్ స్కోర్సెసీ దిక్కుతోచక ఉన్నారు. దాదాపు 45 లక్షల డాలర్లతో, ఒక్క రాత్రిలో జరిగే ‘ఆఫ్టర్ అవర్స్’ (1985) కథను నలభై రాత్రుల్లో తీయాల్సి వచ్చింది. అంత వేగంగా వెలుతురు అమర్చగల మనిషి కావాలి. బాల్‌హౌస్ దొరికారు. సినిమా తీయడంలోని ఉత్సాహాన్ని ఆయనే తనకు తిరిగి ఇచ్చారని స్కోర్సెసీ తరువాత అన్నారు. ఆగిపోయిన క్రీస్తు చిత్రాన్ని కూడా ఇద్దరూ కలిసి 1988లో పూర్తిచేశారు.

స్కోర్సెసీతోనే చేసిన ‘గుడ్‌ఫెల్లాస్’ (1990) గురించి రాయకుండా ఉండలేను. కథానాయకుడు హెన్రీ తన ప్రియురాలిని వెనక గుమ్మం గుండా, వంటగది మీదుగా కోపకబానా క్లబ్బులోకి తీసుకువెళ్లే మూడు నిమిషాల షాట్‌ను స్టెడీకామ్ (నడుస్తున్నా కెమెరా కుదుపులు లేకుండా ఒంటికి కట్టుకునే సాధనం) మీద పట్టింది లారీ మెకాంకీ. అందరూ బాల్‌హౌస్‌నే మెచ్చుకుంటారు గానీ మెకాంకీ పేరు కూడా చెప్పాలి. ఆ నడవలన్నిటికీ, వంటగదికీ, చివరికి బల్ల మీది దీపానికీ వెలుతురు తెగకుండా చూడటమే బాల్‌హౌస్ విద్య.

‘ఫాబ్యులస్ బేకర్ బాయ్స్’ (1989)లో పియానో మీద పడుకుని మిషెల్ ఫైఫర్ పాడుతుంటే కెమెరా మళ్లీ గుండ్రంగా తిరుగుతుంది. ‘మార్తా’లో ఉచ్చయిన వలయం ఇక్కడ లాలన అయింది. ఆ చిత్రానికీ, ‘బ్రాడ్‌కాస్ట్ న్యూస్’కూ, ‘గ్యాంగ్స్ ఆఫ్ న్యూయార్క్’కూ ఆస్కార్ నామినేషన్లు వచ్చాయి గానీ బహుమతి ఒక్కటీ రాలేదు. 2006లో వచ్చిన ‘ద డిపార్టెడ్’ స్కోర్సెసీతో ఆయన చివరి సినిమా.

ఆ తరువాత జర్మనీకి తిరిగివెళ్లారు. గ్లాకోమా వల్ల చూపు క్రమంగా పోతూ వచ్చింది. 2014లో ఆత్మకథ వెలువరించి, తన జబ్బు సంగతి అందరికీ తెలియనిచ్చారు. ఆ పుస్తకం పేరుకు తెలుగులో ‘తలలోని చిత్రాలు’ అని అర్థం. 2016 ఫిబ్రవరిలో బెర్లిన్ చిత్రోత్సవం ఆయనకు గౌరవ స్వర్ణ భల్లూకం పురస్కారం ఇచ్చింది. మరుసటి ఏడాది ఏప్రిల్ 12న పుట్టిన ఊళ్లోనే కన్నుమూశారు. ఆయన కొడుకు ఫ్లోరియన్ కూడా కెమెరామనే.