జేసీజే మెయిన్స్: కిరాయి దావా ప్రశ్నలో 106 కంటే ముందు క్యాలెండర్

జేసీజే (జూనియర్ సివిల్ జడ్జి) పరీక్ష రిజల్ట్స్ వచ్చాయి, లిస్టులో నా నంబరు ఉంది, ఊపిరి ఆడుతోంది. "ఏ మెటీరియల్ చదివారు?" అని అడుగుతున్న అందరికీ ఒకటే జవాబు: టీపీ యాక్ట్ (ట్రాన్స్‌ఫర్ ఆఫ్ ప్రాపర్టీ యాక్ట్, ఆస్తి బదిలీ చట్టం) 105 నుంచి 117 వరకు బేర్ యాక్ట్ (వ్యాఖ్యానం లేని చట్టం పాఠం), పక్కనే 1960 నాటి రెంట్ కంట్రోల్ యాక్ట్. మిగతా సిలబస్ మీకు తెలిసిందే. పోయినసారి సివిల్ పేపర్‌ ముంచింది దుకాణం లీజు ప్రశ్నే కాబట్టి ఇదంతా దాని గురించే.

ఇలాంటి ప్రాబ్లమ్ తీసుకోండి. హైదరాబాద్‌లో షాపు, నెలకు 40,000 కిరాయి. "1-4-2019 నుంచి 5 ఏళ్లు" అని రిజిస్టర్డ్ లీజు. గడువుకు 3 నెలల ముందు రాతపూర్వకంగా అడిగితే ఇంకో 5 ఏళ్లు రెన్యువల్. కిరాయిదారు 20-1-2024న అడిగాడు. గడువు అయిపోయాక కూడా 5 నెలలు కిరాయి బ్యాంకులో వేశాడు, ఓనరు తిప్పి పంపలేదు. ఖాళీ చేయమన్న నోటీసు 10-9-2024న అందింది, దావా 15-10-2024న పడింది.

చాలామంది మొదటి వాక్యమే "సెక్షన్ 106 ప్రకారం 15 రోజుల నోటీసు ఇచ్చారు కనుక" అని మొదలుపెడతారు. మార్కులు అక్కడే పోతాయి. లీజు బతికి ఉందో లేదో తేల్చకుండా దాన్ని ముగించే నోటీసు గురించి రాస్తే దిద్దేవాళ్లకు మీరు గైడు చదివారని తెలిసిపోతుంది.

ముందు ఏ చట్టమో తేల్చండి. తెలంగాణ రెంట్ కంట్రోల్ యాక్ట్ సెక్షన్ 32లో కిరాయి పరిమితి కార్పొరేషన్ ఏరియాలో నెలకు 3,500, మిగతా చోట్ల 2,000. మన షాపు ఆ పరిమితి ఎప్పుడో దాటింది, కాబట్టి సివిల్ కోర్టే. ప్రశ్నలో కిరాయి 1,800 అని ఇస్తే దారే వేరు: రెంట్ కంట్రోలర్, సెక్షన్ 10లోని ఖాళీ చేయించే కారణాలు. అక్కడ 106 నోటీసు అక్కర్లేదని ధనపాల్ చెట్టియార్ కేసులో (1979) ఏడుగురు జడ్జిల బెంచ్ చెప్పేసింది.

తర్వాత క్యాలెండర్. టీపీ యాక్ట్ సెక్షన్ 110 ఎవరూ చదవరు. "1-4-2019 నుంచి" అంటే ఆ రోజు లెక్కలోకి రాదు. వేరే ఒప్పందం లేకపోతే చివరి ఏడు అదే తేదీ రోజంతా లీజు నడుస్తుంది. అంటే ముగిసేది 31-3-2024న కాదు, 1-4-2024న. రెన్యువల్ లెటర్ 1-1-2024 లోపు చేరాలి, 19 రోజులు లేటయింది. రెన్యువల్ ఆప్షన్‌లో గడువు కచ్చితమని కాల్టెక్స్ కేసు (1969). ప్రత్యేక పరిస్థితులు ఉంటే తప్ప కోర్టు కనికరించదు. పైగా రెన్యువల్ అంటే పాత లీజు సాగడం కాదు, కొత్త లీజు పుట్టడం. 5 ఏళ్లకైతే 107 కింద మళ్లీ రిజిస్ట్రేషన్ కావాలి. ప్రభాష్ చంద్ర దలుయ్ కేసు (1989) ఈ తేడా కోసమే గుర్తుపెట్టుకోండి.

ఇక మిగిలింది ఆ 5 నెలల కిరాయి. సెక్షన్ 116 కింద హోల్డింగ్ ఓవర్ (గడువు తర్వాతా కిరాయిదారుగా కొనసాగడం) కావాలంటే ఓనరు సమ్మతి ఉండాలి. గడువు తర్వాత కిరాయి తీసుకున్నంత మాత్రాన సమ్మతి కాదని శాంతిప్రసాద్ దేవి కేసు (2005). జవాబు రెండు వైపులా రాయండి. సమ్మతి లేదంటే 111(ఎ) కింద లీజు దానంతటదే ముగిసింది, నోటీసే అక్కర్లేదు. సమ్మతి ఉందంటే నెలనెలా లీజు, 15 రోజులు నోటీసు అందిన రోజు నుంచి లెక్క, 25-9-2024తో అయిపోయాయి. ఎటు తిప్పినా నోటీసు విషయంలో దావాకు ఢోకా లేదు. నోటీసు గడువు కిరాయి నెల చివరితో కలవాలని పాత పుస్తకాల్లో ఇంకా ఉంటుంది; 2002 సవరణ తర్వాత అది చెల్లదు.

రోజుకు 14 గంటలు చదవలేదని చెబితే కొందరు నమ్మడం లేదు. నమ్మకపోతే మానండి. ఇదే ప్రాబ్లమ్‌ను కిరాయి, తేదీలు మార్చి రోజూ అరగంట రాయడం క్రమశిక్షణ కాదా? హైలైటర్లు కొనడం మాత్రమేనా?

మిగతావి చకచకా. లీజు రిజిస్టర్ కాకపోతే రెన్యువల్ క్లాజు పట్టుకుని నిలబడలేరు. ఆంథోనీ వర్సెస్ ఇట్టూప్ (2000) ప్రకారం నెలవారీ లీజే మిగులుతుంది. స్టాంపు డ్యూటీ కట్టకపోతే కొలేటరల్ పర్పస్‌కు (పక్క అవసరానికి) కూడా పెనాల్టీ కట్టేదాకా ఆ కాగితం చూడరు. 114 రిలీఫ్ కిరాయి బాకీ వల్ల ఫర్‌ఫీచర్ (షరతు తప్పి లీజు కోల్పోవడం) అయినప్పుడే, గడువు ముగిసిన లీజుకు రాయొద్దు. షాపు పూర్తిగా వ్యాపారానికే వాడుతూ విలువ 3 లక్షలకు తగ్గకపోతే కమర్షియల్ కోర్టు; అర్జెంటు రిలీఫ్ అడగనప్పుడు కమర్షియల్ కోర్ట్స్ యాక్ట్ 12ఎ కింద దావాకు ముందు మీడియేషన్ (రాజీ ప్రయత్నం) తప్పనిసరి, పాటిల్ ఆటోమేషన్ (2022). ప్రశ్నలో మీడియేషన్ ఊసే లేకపోతే దాన్నీ ఒక ఇష్యూగా పెట్టండి. మెస్నే ప్రాఫిట్స్‌కు (హక్కు లేకుండా ఉన్న కాలానికి పరిహారం) సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 20 రూల్ 12.

వైవాకు వెళ్లేవాళ్లకు ఒకటి. లీజు ముగిసింది కదా అని ఓనరే షాపుకు తాళం వేస్తే? స్పెసిఫిక్ రిలీఫ్ యాక్ట్ సెక్షన్ 6, 6 నెలల్లోపు దావా, టైటిల్ (యాజమాన్య హక్కు) చూడరు. "ఆ డిక్రీ మీద అప్పీలు ఉందా?" అని వెంటనే అడుగుతారు. లేదు, రివ్యూ కూడా లేదు.