త్రికూటం చూసొచ్చాను

చిన్నప్పుడు కరెంటు పోతే మా అమ్మమ్మ డాబా మీద చాప వేసి గజేంద్ర మోక్షం చెప్పేది. ఆ కథ అనగానే అందరికీ ఏనుగు, మొసలి, లక్ష్మీదేవి కొంగు కూడా వదలకుండా బయల్దేరిన విష్ణుమూర్తి గుర్తొస్తారు, నాకు మాత్రం ఇవన్నీ మొదలవ్వకముందు వచ్చే కొండ అంటేనే ఇష్టం. త్రికూట పర్వతం. చుట్టూ పాలసముద్రం, మధ్యలో 10,000 యోజనాల ఎత్తున కొండ, దానికి మూడు శిఖరాలు, ఒకటి బంగారం, ఒకటి వెండి, ఒకటి ఇనుము. పాల అలలు వచ్చి కొండ పాదాలు కడుగుతుంటే అక్కడి పచ్చలరాళ్ళ కాంతికి నేలంతా పచ్చగా అయిపోతుందట. లోయలో వరుణుడి తోట, అందులో చెట్లు ఏ కాలమైనా పూస్తూనే ఉంటాయి. అన్నిటికంటే నాకు నచ్చింది సింహాల సంగతి, దేవతలు పాడుకునే పాటలు గుహల్లో మార్మోగుతుంటే అక్కడి సింహాలు లోపల ఇంకో సింహం ఉందనుకుని కోపంగా తిరిగి గర్జిస్తాయట, ఇది విన్నప్పుడల్లా ఇంకోసారి చెప్పమనేవాణ్ణి.

ఒక్క డౌట్ మాత్రం ఉండిపోయింది. బంగారం, వెండి సరే, దేవతలు తిరిగే కొండకి ఇనుప శిఖరం ఎందుకు అమ్మమ్మా అని అడిగితే "ఏటోరా, పోతన గారు అలా రాసేరు మరి" అనేసి కథలోకి వెళ్ళిపోయేది.

మొన్న డిసెంబర్లో పాడేరు దగ్గర వంజంగి వెళ్ళాను. మాది వైజాగే, పాడేరు 110 కిలోమీటర్లు ఉంటుందేమో, అయినా ఇన్నాళ్ళూ వెళ్ళలేదు. చీకట్లోనే కొండెక్కడం మొదలుపెట్టాలి, ఫోన్ టార్చ్ వేసుకుని రాళ్ళు చూసుకుంటూ, చలికి చేతివేళ్ళు పనిచెయ్యక. ఆ ఏజెన్సీ చలి మామూలుగా ఉండదు, లంబసింగిని అక్కడివాళ్ళు కొర్రబయలు అంటారు, రాత్రి బయట ఉంటే మనిషి కొర్రలా అంటే కర్రలా బిగుసుకుపోతాడని ఆ పేరంట.

పైకి చేరేసరికి ఇంకా తెల్లారలేదు. ఎదురుగా కొండలు నల్లగా, బరువుగా, పోత పోసినట్టు ఉన్నాయి, చెట్టూ పుట్టా ఏమీ విడిగా తెలియట్లేదు. కాసేపటికి తూర్పు తెల్లబడింది, అప్పుడు కింద లోయ కనపడింది, లోయ అంటే లోయ కాదు, ఈ చివర్నుంచి ఆ చివరికి తెల్లగా నిండిపోయి ఉంది, అందులోంచి శిఖరాలు మాత్రం పైకి తేలి ఉన్నాయి, వాటి అంచులు మసక వెలుతురులో వెండిలా మెరుస్తున్నాయి. ఆ తర్వాత సూర్యుడు వచ్చాడు. నాకు ఎదురుగా ఉన్న శిఖరం కొస మీద ముందు చిన్న గీతలా పడింది వెలుగు, చూస్తుండగానే కిందకి జారి కొండ మొత్తం బంగారం అయిపోయింది.

ఇనుము, వెండి, బంగారం. నా ఒళ్ళు జలదరించింది, చలికి కాదు.

ఇది నా ఊహే, ఏ పండితుడూ చెప్పలేదు, కానీ నాకు గట్టి నమ్మకం కుదిరింది, ఆ వర్ణన మొదట చేసినవాళ్ళు ఎక్కడో ఇలాంటి కొండ మీద తెల్లవారుజామున నిలబడి ఉంటారు. ఒక కొండే గంటలో మూడు లోహాలుగా మారడం చూసి ఉంటారు, మూడింట్లో ఏదీ వదులుకోబుద్ధి కాక మూడు శిఖరాలు పెట్టేసి ఉంటారు. ఇనుము లేకపోతే ఆ కొండకి రాత్రే లేదు కదా.

పాలసముద్రానికి కారణం స్కూల్లో చదువుకున్నదే. మబ్బులేని రాత్రి నేల వేడంతా పైకి వదిలేసి చల్లబడుతుంది, బరువైన చల్లగాలి వాలు వెంట లోయలోకి దిగి అక్కడ పోగవుతుంది, అందులో తేమ పొగమంచు అవుతుంది, పైన ఉన్న కాస్త వెచ్చటి గాలి మూతలా పట్టి ఉంచుతుంది కాబట్టి అది లేచిపోకుండా సముద్రంలా సమంగా పరుచుకుంటుంది. మనం 3,000 అడుగుల పైన మూతకి అవతల ఉంటాం. ఇదంతా తెలిసీ చూశాను, తెలిసినందుకు ఒక్క పిసరు కూడా తగ్గలేదు.

ఎండ ముదిరాక ఇంకోటి జరిగింది. పాలు విరిగినట్టు ఆ తెలుపు ముక్కలైంది, ఒక్కో ముక్కా మెల్లగా లేచి వాలు పట్టుకుని పైకి పాకుతూ కొండ భుజాల దగ్గర ఆగింది. అచ్చం రెక్కలు. కొండలకి ఒకప్పుడు రెక్కలుండేవని, ఎక్కడ పడితే అక్కడ వాలుతుంటే ఇంద్రుడు వజ్రాయుధంతో నరికేశాడని అందరం విన్నాం. వాయుదేవుడి సాయంతో తప్పించుకుని సముద్రంలో దాక్కున్న మైనాకుడు హనుమంతుడికి విశ్రాంతి ఇవ్వడానికి పైకి లేచాడని కూడా విన్నాం, చిన్నప్పుడు మా వైజాగ్ బీచ్ నుంచి డాల్ఫిన్స్ నోస్ కొండ చూసి అదే మైనాకం అనుకునేవాణ్ణి. అయితే నరికిన రెక్కలు ఏమయ్యాయో యజుర్వేదానికి చెందిన మైత్రాయణీ సంహితలో ఉందని పెద్దయ్యాక తెలిసింది. అవి మేఘాలయ్యాయట, అందుకే మేఘాలు ఎప్పుడూ కొండల చుట్టూనే తిరుగుతాయట, పుట్టిల్లు అదే కాబట్టి. తేమగాలి కొండకి తగిలి పైకి లేచి చల్లబడి మబ్బు కడుతుందని, అందుకే కొండ దగ్గర వాన ఎక్కువని మనం ఇప్పుడు చెప్పుకునేదీ దీని గురించే, ఆ జంట ఎన్నడూ విడిపోదని వాళ్ళు ఎప్పుడో గమనించారు.

బాధేసింది ఒక్కటే, కొండ మీద ఎక్కడ చూసినా వాటర్ బాటిళ్ళు, చిప్స్ కవర్లు. దయచేసి వెళ్ళేవాళ్ళు మీ చెత్త మీరు తెచ్చేసుకోండి. నేను ఒక సంచి నింపుకుని దిగాను, ఇంకా చాలా మిగిలిపోయింది.

దిగేటప్పుడు మిగిలిన పాలసముద్రంలోంచే నడవాలి. లోపలికి వెళ్ళాక తెలుపు లేదు, అంతా బూడిదరంగు, పదడుగుల అవతల ఏమీ కనపడదు, కనురెప్పల మీద నీళ్ళు చేరాయి. పై నుంచి ఎవరో పిల్లాడు గట్టిగా అరిచాడు, ఎదుటి కొండ తిరిగి అరిచింది, వాడు రెచ్చిపోయి ఇంకా గట్టిగా అరిచాడు. వాడు ఆపేదాకా ఆ తడిలోనే నిలబడి విన్నాను.

ఈసారి ఆషాఢంలో వెళ్ళాలి, రెక్కలు తిరిగొచ్చే రోజుల్లో.