కడవల్లూరులో ఊపిరి కనిపించింది

వృశ్చిక మాసంలో (నవంబరు, డిసెంబరుల్లో) కేరళలోని త్రిశ్శూరు వైపు వెళ్లాలనుకునేవాళ్లు శబరి ఎక్స్‌ప్రెస్ మీద ఆశ పెట్టుకోవద్దు. సికింద్రాబాద్‌లోనే బోగీలన్నీ అయ్యప్ప స్వాములతో నిండిపోతాయి. తత్కాల్‌లో ఎలాగో ఒక పై బెర్తు దొరికింది, దానికి కట్టిన డబ్బు తలుచుకుంటే ఇప్పటికీ కడుపు మండుతుంది. త్రిశ్శూరులో లాడ్జివాళ్లు సీజన్ పేరు చెప్పి గది అద్దె రెట్టింపు చేశారు. వడక్కునాథన్ గుడి చూశాను, తిన్నాను, పడుకున్నాను. ఆ ఊరి గురించి ఇంతకు మించి రాయడానికి ఏమీ లేదు. నేను వచ్చింది కడవల్లూరు అన్యోన్యం అనే వేద పోటీ కోసం.

శక్తన్ స్టాండులో కోళికోడ్ వెళ్లే ప్రైవేటు బస్సు ఎక్కాను. కున్నంకుళం దాటాక కడవల్లూరులో ఆపమని కండక్టర్‌ని ముందే బతిమాలుకున్నాను. తలూపాడు కానీ పెరుంపిలావులోనే దింపేశాడు. అక్కణ్ణుంచి ఆటో.

కడవల్లూరు రామాలయంలో ఋగ్వేద పండితులు రెండు పక్షాలుగా కూర్చుని వేదం చెప్పుకునే పోటీ అన్యోన్యం. ఒకటి త్రిశ్శూరు పక్షం, రెండోది భారతప్పుళ నది ఒడ్డున ఉన్న తిరునావాయ పక్షం. ఎన్నో ఏళ్లు ఆగిపోయి, 1989లో మళ్లీ మొదలైంది. మెట్టు మెట్టుగా పరీక్షలు ఉంటాయి. కడన్నిరిక్కల్ అనే పరీక్ష దాటినవాళ్లే పెద్ద పండితులు, ఆ పైన వలియ కడన్నిరిక్కల్. అదే చివరి మెట్టు.

గుడి కదా, మగవాళ్లు చొక్కా విప్పాలి. చెప్పేవాళ్లూ వినేవాళ్లూ అందరూ నడుం పైన ఉత్తరీయం తప్ప ఏమీ లేకుండా కూర్చున్నారు. ఈ ఒక్క సంగతి వల్ల నేను వేదాన్ని చెవులతో కంటే కళ్లతో ఎక్కువ విన్నాను. చొక్కా లేని మనిషి ఊపిరి దాచుకోలేడు.

నా ఎదురుగా ఒక కుర్రాడు కూర్చున్నాడు. ఇరవై ఏళ్లు దాటి ఉండవు. వాడికి జట పడింది. జట అంటే రెండు పదాలను వరసగా, వెనక్కి, మళ్లీ వరసగా చెప్పడం. ఋగ్వేదం మొదటి మాటలే తీసుకుంటే, అగ్నిం ఈళే, ఈళే అగ్నిం, అగ్నిం ఈళే. సంధులన్నీ కలిసి నోట్లోంచి వచ్చేసరికి అది ‘అగ్నిమీళ ఈళేఽగ్నిమగ్నిమీళే’ అవుతుంది. మధ్యలో ఆగితే సంధి తెగిపోతుంది. మన ఘనపాఠులు ఇలాంటివి గడగడా చెప్పేస్తారు. ఇక్కడి కేరళ బ్రాహ్మణులు, నంబూద్రీల పద్ధతి అది కాదు. ప్రతి దీర్ఘాన్నీ సాగదీస్తారు, వేద స్వరాల్లో ఒకటైన స్వరితం దగ్గర గొంతు అలలా ఊగుతుంది. అంత నెమ్మదిగా చెప్పాలంటే ఊపిరి ఎంత కావాలి?

ఆ కుర్రాడి పక్కటెముకలు మొదట వెడల్పుగా విచ్చుకున్నాయి. తర్వాత పొట్ట నెమ్మదిగా లోపలికి పోవడం మొదలైంది. జట సగానికి వచ్చేసరికి బొడ్డు దగ్గర గుంట పడింది, మెడ నరాలు తేలాయి. అయినా గొంతులో వణుకు లేదు, చివరి అక్షరం మొదటి అక్షరమంత నిండుగా వచ్చింది. ఆ తర్వాతే ముక్కుతో గాలి తీసుకున్నాడు, చప్పుడు లేకుండా. నాకు తెలియకుండానే నేనూ అప్పటిదాకా ఊపిరి బిగబట్టుకుని కూర్చున్నాను.

ఇంకొకటి నన్ను బాగా కలవరపెట్టింది. ఇక్కడ స్వరంతో పాటు తల కదులుతుంది. తగ్గు స్వరమైన అనుదాత్తానికి కిందికి, స్వరితానికి పక్కకి. చేతి వేళ్లు పదం చివర ఏ అక్షరం ఉందో చూపిస్తుంటాయి. చిన్నప్పుడు మా తాతగారు నన్ను ఎదురుగా కూర్చోబెట్టుకుని నమకం నేర్పేటప్పుడు తల కొంచెం కదిలినా నెత్తిన మొట్టేవారు. ‘గీతీ శీఘ్రీ శిరఃకంపీ’ అంటూ, వేదం ఎలా పలకాలో చెప్పే పాణినీయ శిక్షలోని శ్లోకం చదివేవారు. పాట పాడినట్టు చెప్పేవాడు, తొందరగా చెప్పేవాడు, తల ఊపేవాడు, వీళ్లంతా పాఠకుల్లో అధములు. మరి ఈ గుళ్లో అందరి తలలూ కదులుతున్నాయే!

పక్కన కూర్చున్న పెద్దాయన రిటైరైన లెక్కల మాస్టారట. నా మొహం చూసి హిందీ, ఇంగ్లీషు కలిపి చెప్పారు. ‘‘నేర్చుకునేటప్పుడు గురువుగారు పిల్లవాడి తల పట్టుకుని స్వరానికి తగ్గట్టు వంచుతారు సార్. నోరు మర్చిపోయినా మెడ మర్చిపోదు’’ అన్నారు. ఊపిరి ఎక్కడ తీయాలో కూడా అలాగే నేర్పుతారా అని అడిగాను. ‘‘అది విడిగా నేర్పరు. తల సరిగ్గా కదిలితే ఊపిరి దాని చోటు అదే వెతుక్కుంటుంది’’ అన్నారు.

నాకు ఆ మాట నచ్చింది. శ్లోకం తిట్టింది లయ కోసం ఊగే తలను అని నా నమ్మకం. ఇక్కడి తల స్వరాన్ని మోస్తోంది. మా తాతగారు ఉంటే ఒప్పుకునేవారు కాదు, కానీ ఆ కుర్రాడి చివరి అక్షరం విని కాసేపు మాట్లాడకుండా ఉండేవారు. వేద పఠనాన్ని యునెస్కో 2003లో గుర్తించింది, మంచిదే. కానీ రికార్డింగుల్లో మనకు దొరికేది గొంతు ఒక్కటే. ఆ లోపలికి పోయే పొట్ట, వంగే మెడ మాత్రం ఎదురుగా కూర్చుంటే తప్ప దొరకవు.

జట లాగే పదాలను ముందుకీ వెనక్కీ అల్లి చెప్పే రథ పాఠం వినాలని ఎంతో అనుకున్నాను. అది మొదలయ్యే వేళకి ఆఖరి బస్సు టెన్షన్ పట్టుకుంది. ఆటోవాడు త్రిశ్శూరుకి అడిగిన డబ్బుతో ఇంకో రోజు లాడ్జిలో ఉండొచ్చు. లేచి వచ్చేశాను, దారంతా మనసు అక్కడే ఉంది. వెళ్లేవాళ్లు త్రిశ్శూరులో కాకుండా కున్నంకుళంలో గది తీసుకోండి, పంచె ఒకటి సంచిలో పెట్టుకోండి, చెప్పేవాళ్లకు ఎదురుగా చోటు దొరికేలా ముందే వెళ్లి కూర్చోండి.