గిల్‌ఫర్డ్ కేసు, సినిమాలోని చీటీ, అసలు చిత్తుప్రతి

1993లో జిమ్ షెరిడన్ తీసిన ‘ఇన్ ద నేమ్ ఆఫ్ ద ఫాదర్’ చూసినవాళ్లకి బాగా గుర్తుండిపోయేది, ఇంగ్లండ్‌లోని గిల్‌ఫర్డ్ బాంబుల కేసులో చెయ్యని నేరానికి శిక్షపడ్డ గెర్రీ కాన్లన్, అతని తండ్రి జుసెప్పె ఒకే జైలు గదిలో గడిపిన రోజులు. నిజానికి వాళ్లు ఎన్నడూ ఒకే గదిలో లేరు. ఎక్కువకాలం వేర్వేరు జైళ్లలోనే ఉన్నారు. అయినా ఈ కల్పనతో నాకు పేచీ లేదు. కొడుక్కి లాయర్ని పెడదామని బెల్‌ఫాస్ట్ నుంచి లండన్ వచ్చిన మనిషిని 1974 డిసెంబరులో పట్టుకున్నారు, 12 ఏళ్ల శిక్ష వేశారు. 1980 జనవరిలో ఖైదీగానే పోయాడు. ఆ శిక్ష రద్దయింది 1991లో. మధ్య గోడ తీసేసినా ఈ లెక్కలో ఒక్క అంకె కూడా మారదు.

పేచీ అంతా కోర్టు సీనుతోనే. లాయర్ గారెత్ పియర్స్‌కి ఫైళ్లలో ఒక అలిబీ వాంగ్మూలం, అంటే ఆ సమయంలో గెర్రీ వేరేచోట ఉన్నాడని చెప్పే సాక్ష్యం, దొరుకుతుంది. దాని మీద ‘డిఫెన్సుకి చూపొద్దు’ అని చీటీ. ఆమె దాన్ని కోర్టులో ఝళిపించగానే కేసు కూలిపోతుంది. పియర్స్ సొలిసిటర్, అంటే కేసు సిద్ధం చేసే లాయర్. అప్పట్లో అప్పీలు కోర్టులో వాదించేది బారిస్టర్లే. అది పోనివ్వండి. అలాంటి వాంగ్మూలాన్ని బయటపెట్టకపోవడమూ నిజమే. కానీ కేసు కూలింది దానివల్ల కాదు.

1974 అక్టోబరు 5న గిల్‌ఫర్డ్‌లో పబ్బుల్లో బాంబులు పేలి 5గురు చనిపోయారు. గెర్రీతో కలిపి నలుగురి మీద ప్రాసిక్యూషన్ చూపించిన ఆధారం వాళ్ల నేరాంగీకారాలే. 1989లో మరో జిల్లా పోలీసులు, గిల్‌ఫర్డ్ ఉన్న సర్రీ జిల్లా పోలీసుల పాత ఫైళ్లు తిరగేస్తుంటే, నలుగురిలో ఒకడైన పాడీ ఆర్మ్‌స్ట్రాంగ్ విచారణ తాలూకు టైపు కాగితాలు బయటపడ్డాయి. వాటి నిండా పెన్నుతో కొట్టివేతలు, చేర్పులు, ముందువెనకల మార్పులు. ఆ దిద్దుబాట్లన్నీ కలుపుకుని సాఫు చేస్తే, విచారణ జరుగుతుండగానే చేత్తో రాసుకున్నామని పోలీసులు కోర్టుకిచ్చిన నోట్సు వస్తుంది! చిత్తుప్రతి టైపులో, ‘అప్పటికప్పుడు’ రాసింది చేతిరాతలో. అక్టోబరు 19న ప్రాసిక్యూషనే లేచి, ఈ శిక్షల్ని సమర్థించలేమంది. పోలీసులు అబద్ధమాడి ఉండాలి అన్నారు ప్రధాన న్యాయమూర్తి లార్డ్ లేన్. తర్వాత కేసు నడిచిన ముగ్గురు సర్రీ పోలీసులూ 1993లో నిర్దోషులుగా బయటపడ్డారు.

సినిమా చూసినవాడు దాచిన చీటీ కోసం వెతుకుతాడు. వెతకాల్సింది, ఈ నోట్సు ఏ గంటకి రాశారు, దీనికి ముందు ఇంకో ప్రతి ఉందా అని.

సినిమాలో రెండు విచారణల్ని ఒకే బోనులోకి తేవడం ఇంకా నష్టం. నలుగురి విచారణ 1975లో, గెర్రీ మేనమామ ఇంటివాళ్లది, జుసెప్పెతో కలిపి, 1976లో. రెండోదాన్ని నిలబెట్టింది చేతుల మీద, గ్లౌజుల మీద నైట్రోగ్లిజరిన్ అనే పేలుడు పదార్థం ఉందన్న ల్యాబ్ పరీక్ష. ముందు నేరాంగీకారంలో అత్త పేరు, ఆ పేరు పట్టుకుని పరీక్ష. తప్పు ఒకదాన్నుంచి ఇంకోదానికి ఎలా పాకిందో తెలియాలంటే ఈ వరస తెరమీద ఉండాల్సింది.

గెర్రీ కోర్టు ముందు తలుపులోంచే బయటికొచ్చి, చెయ్యని నేరానికి 15 ఏళ్లు లోపలున్నానని జనం ముందు అరిచిన దృశ్యం మాత్రం జరిగిందే. ఆ రోజు టీవీ కెమెరాల్లో ఉంది.